మా అమ్మకు ఇంకా నలభై అడుగులే

కాల వ్యవహారాల శాఖ మంత్రిగారికి నమస్కారం.

మా పొలంలో బీట పడి ఈ శ్రావణానికి ఆరేళ్లు. మీ కాగితాల్లో దాని పేరు ‘కాల వైపరీత్య మండలం’. మేం మాత్రం బీట అంటాం. ఎండకు నేల బీటలు తీసినట్టే, ఇక్కడ కాలం బీట తీసింది. దేశమంతా గడియారాలు పెట్టుకునే 82.5 డిగ్రీల రేఖ మా గట్టును దాటే చోటది. ఆ రేఖ అనగానే అందరూ కాకినాడ పేరు చెబుతారు గానీ, అది నేల మీద పోయేది అన్నవరానికీ తునికీ మధ్య, మా చేల మీదుగా.

బీటలో 24 సెకన్లు గడిస్తే బయట ఏడాది. 24 సెకన్లంటే మన పాత లెక్కలో ఒక విఘడియ. ‘విఘడియకో సంవత్సరం’ అని మా పురోహితుడుగారు రెండో ఏడే తేల్చేశారు. అదే మాట చెప్పడానికి మీ కమిటీ నలభై పేజీల నివేదిక రాసింది. మరి లోపలి వెలుతురు బయటికెలా వస్తోందని ఫిజిక్స్ మాస్టర్లు అడుగుతారు. అడగనివ్వండి. అది ఆ నలభై పేజీల్లోనూ లేదు.

ఆ రోజు మధ్యాహ్నం అమ్మ నాన్నకు క్యారేజీ పట్టుకుని గట్టెక్కింది. చినుకులు మొదలయ్యాయని నాన్న కాలవ వైపు నుంచి ఇంటికొచ్చేశాడు. అమ్మ బీటలోకి వెళ్లింది. అప్పటి నుంచి నడుస్తూనే ఉంది. అమావాస్యకు కుడికాలు మోపితే పున్నమికి ఎడమకాలు. రెప్ప మూసి తెరవడానికి ఐదు రోజులు. ఆమె చుట్టూ చినుకులు రోజుకు మూరెడు చొప్పున దిగుతున్నాయి. గట్టు పక్కన ఒక కొంగ లేచింది, ఆరేళ్లుగా ఎగురుతోంది. మీ వాళ్లు పంపిన డ్రోన్ కూడా ఆ కొంగ వెనకే ఉంది. దానికి బ్యాటరీ అయిపోవాలన్నా మా మనవలు పుట్టాలి.

లోపలి నుంచి చూస్తే బయట ఎలా ఉంటుందో మీ నివేదికలో ఒక్క వాక్యం ఉంది: సెకనుకు పదిహేను పగళ్లు, పదిహేను రాత్రులు. అంటే మనిషి ఎదురుగా వచ్చి నిలబడ్డా ఆమె కంటికి ఆనడు. ఇది తెలిశాక నాన్న గట్టు చివర కుర్చీ వేసుకుని పదిహేను రోజులు కదలకుండా కూచున్నాడు. తిండి అక్కడే, నిద్ర అక్కడే. ఆమెకు ఒక్క సెకను కనిపిద్దామని. కనిపించాడో లేదో మాకు తెలియదు. ఆ సమయానికి ఆమె కాళ్ల వైపు చూస్తూ నడుస్తోంది. మూడో ఏడు నాన్న పోయాడు. క్యారేజీలో అన్నం ఇంకా వేడిగానే ఉంటుంది.

ఇక నా మొర. ముందు రేషన్ కార్డులోంచి అమ్మ పేరు తీసేశారు. తర్వాత ఓటరు జాబితాలోంచి. నాన్న పోయాక ఆమెకు రావలసిన పింఛనుకు వేలిముద్ర వేయాలన్నారు. మెషిన్ ముప్పై సెకన్లే ఆగుతుంది. ఆ ముప్పై సెకన్లలో ఆమె వేలు వెంట్రుకవాసి కూడా కదలదు. ఏడేళ్లు కబురు లేని మనిషిని పోయినట్టు లెక్కగట్టవచ్చని సాక్ష్య చట్టం. వచ్చే శ్రావణానికి ఏడేళ్లు నిండుతాయని ఆఫీసులో ఇప్పుడే చెబుతున్నారు. కబురు లేకపోవడమేమిటండీ? ఊళ్లో ఎవరిని పిలిచినా వేలు పెట్టి చూపిస్తారు. బ్రహ్మలోకంలో కాసేపు పాట విని దిగొచ్చేసరికి కకుద్మి మహారాజుకు ఇరవై ఏడు మహాయుగాలు గడిచిపోయాయని భాగవతం. ఆయనకు కార్డు ఉండి ఉంటే దాన్నీ కొట్టేసేవాళ్లు.

ఇదంతా ఎలాగో భరిస్తున్నాం. భరించలేనిది మీరు దీపావళి లోపు చేస్తామంటున్న కాల సమీకరణ. బీటను పూడ్చి లోపలి కాలాన్ని బయటి కాలంతో కలిపేస్తారట. ‘వ్యత్యాసం సర్దుబాటు చేయబడుతుంది’ అని జీవోలో రాశారు. ఎవరి మీద సర్దుతారు? ఆరేళ్ల ఆకలి, ఆరేళ్ల దాహం ఒక్క క్షణంలో ఆ ఒంటి మీద పడితే ఏమవుతుందో జీవో రాసిన వాళ్లు ఒక్క నిమిషం ఆలోచించారా?

దేశమంతటికీ ఒకే కాలం ఉండాలంటున్నారు. ఉండాలి, కాదనను. కానీ 1906లో ఒకే సమయం తెచ్చినప్పుడు బొంబాయి ఒప్పుకోలేదు. 39 నిమిషాలు వెనక నడిచే తన గడియారాన్ని 1955 దాకా తిప్పుకుంది. స్వాతంత్ర్యం వచ్చాక కూడా ఎనిమిదేళ్లు. జీపీఎస్ ఉపగ్రహాల్లో గడియారాలు మన గడియారాలకన్నా రోజుకు దాదాపు 38 మైక్రోసెకన్లు ముందుకు పోతాయి. వాటినెవరూ బాగుచేయాలని కూల్చెయ్యరు, ఆ తేడాను లెక్కలో కలుపుకుంటారు. అంత పెద్ద నగరానికి దొరికిన ఓపిక, ఆకాశంలో గడియారానికి దొరికిన లెక్క, గట్టు మీద నడిచే మనిషికి దొరకదా?

నేనడిగేది పెద్దదేం కాదు. ఆగండి, అంతే. గట్టు చివరికి నలభై అడుగులున్నాయి. పాత నడకయితే ఏడాదీ ఎనిమిది నెలలు. కానీ మొన్న సంక్రాంతి నుంచి నేను గట్టు మీద పుల్లలు పాతి చూస్తున్నాను. అడుగు పన్నెండు రోజులకే పడుతోంది. తల కూడా ఎత్తింది, నుదురు ముడిపడింది. ఏదో తేడాగా ఉందని తెలిసినట్టుంది, తొందరపడుతోంది. ఈ లెక్కన పదహారు నెలలు. మీ ఏడేళ్ల గడువుకు నాలుగు నెలలు ఎక్కువ. ఆ నాలుగు నెలలు మంజూరు చేయండి. సమీకరణ ఆమె గట్టు దిగిన మర్నాడు పెట్టుకోండి. కొంగ సంగతి కూడా చూస్తే సంతోషం.

వచ్చే ఏకాదశికి ఆమె కుడికాలు నేలకు ఆనుతుంది. వీలైతే ఆ రోజు రండి. కూచోడానికి నాన్న కుర్చీ అక్కడే ఉంది.

ఇట్లు,
క్యారేజీ పట్టుకొస్తున్న ఆమె పెద్దకూతురు