బురద బూట్లను కత్తిరించారు

సంపాదకులకు,

పోయిన ఆదివారం మీ అనుబంధంలో నెపోలియన్ మీద వచ్చిన వ్యాసం చదివాను. వ్యాసం బాగుంది. పక్కన వేసిన బొమ్మనే మోకాళ్ల దగ్గర కత్తిరించారు. ఫ్రెంచి చిత్రకారుడు పాల్ డెలారోష్ గీసిన ఆ చిత్రంలో అసలు చూడాల్సింది మోకాళ్ల కిందే ఉంది: బురద కొట్టుకున్న బూట్లు.

అది 1814 మార్చి 31. పారిస్ శత్రువుల చేతికి పోయింది. నెపోలియన్ పారిస్ దగ్గరున్న ఫాంటెన్‌బ్లో రాజభవనానికి వచ్చి కూలబడ్డాడు. ఇంకో వారానికి గద్దె దిగాడు. డెలారోష్ ఆయన్ను గుర్రం ఎక్కించలేదు. కోటు కూడా విప్పకుండా, ఒక చెయ్యి కుర్చీ వెనక్కి వేలాడేసి కూర్చున్న లావుపాటి మనిషిని వేశాడు. యుద్ధం ఎక్కడా కనపడదు. ఎంత దూరం నుంచి ఎట్లా వచ్చాడో ఆ బూట్లే చెబుతాయి. నేను డ్రాయింగ్ టీచర్‌గా ఉన్న రోజుల్లో క్లాసులో ఈ బొమ్మ చూపిస్తే ఒక పిల్లాడు "సార్, ఈయనకు జ్వరమొచ్చిందా?" అనడిగాడు. అంతకంటే మంచి విమర్శ నేనెక్కడా చదవలేదు.

ఇక మన సంగతి. ఖిలా వరంగల్ తోరణాల దగ్గర కూర్చుని గీసే పిల్లలైనా, పోటీల్లో ప్రైజులు కొట్టేవాళ్లైనా గుర్రమెక్కి కత్తి దూసిన రుద్రమదేవినే వేస్తారు. వేయనీయండి. కానీ ఆమె మనవడు ప్రతాపరుద్రుడు 1323లో ఢిల్లీ సుల్తాను కొడుకు ఉలుగ్ ఖాన్ సేనకు చిక్కాడు. ఢిల్లీకి తీసుకుపోతుంటే దారిలో నర్మద ఒడ్డున చనిపోయాడని కాకతీయుల తర్వాత వచ్చిన తెలుగు రాజు ముసునూరి ప్రోలయ నాయకుడి విలస శాసనం చెబుతోంది. ఆ ప్రయాణాన్ని గీసిన బొమ్మ నా కంట పడలేదు.

ఎవరూ చూడనిది ఎట్లా గీస్తామంటారు. డెలారోష్ మాత్రం చూశాడా? పాతికేళ్లు దాటాక వేశాడు. ఓడిన రాజును గోడకు ఎవరు తగిలిస్తారు సారూ అని మా వీధిలో ఒకాయన అన్నాడు. డెలారోష్ ఇదే బొమ్మను 1845లో మళ్లీ వేస్తే, అది జర్మనీలోని లైప్‌జిగ్‌లో ఉంది. 1813లో నెపోలియన్ ఓడిన ఊరే అది, వాళ్లు సంబరంగానే తగిలించి ఉంటారు. కానీ 1840 నాటిది పారిస్‌లోనే, వాళ్ల సైనిక మ్యూజియంలోనే ఉంది మరి.

మీ పత్రిక తరఫున పిల్లలకు చిత్రలేఖన పోటీ పెడితే 'నర్మద ఒడ్డున ప్రతాపరుద్రుడు' అని అంశం ఇవ్వండి. ఏనుగులు, జెండాలు వేసినవాళ్లకు మార్కులు తగ్గించండి. జడ్జిగా నన్ను పిలిస్తే ఆటో ఛార్జీలు కూడా అడగను.

– ఒక రిటైర్డ్ డ్రాయింగ్ టీచర్, శివనగర్, వరంగల్