ఆ బహుమతి 2022లో పుట్టలేదు

సంపాదకులకు నమస్కారం.

మీ ఆదివారం అనుబంధంలో ప్యూర్టోరికో గాయకుడు బ్యాడ్ బన్నీపై వచ్చిన వ్యాసం ఇష్టంగా చదివాను. అయితే లాటిన్ అర్బన్ సంగీతానికి (స్పానిష్‌లో పాడే ర్యాప్, రెగ్గేటన్ అనే నాట్య సంగీతం వంటివి) అమెరికా సంగీత పురస్కారాలైన గ్రామీలో 2022లోనే తొలిసారి చోటు దక్కిందని రాయడం పొరపాటు. ఆ ఏడాది వచ్చింది ‘మూసికా ఉర్బానా’ (స్పానిష్‌లో అర్బన్ సంగీతం) అన్న కొత్త పేరుతో మళ్లీ విడి బహుమతి. లాటిన్ అర్బన్ ఆల్బమ్‌కు విడిగా బహుమతి ఇవ్వడం 2008లోనే మొదలైంది. తొలి విజేత ప్యూర్టోరికోకు చెందిన ర్యాప్ బృందం కాయే 13. మరుసటి ఏడాది విసిన్, యాందెల్ జంట అందుకుంది.

ఆ ముచ్చట రెండేళ్లే. 2010లో రాక్, ఆల్టర్నేటివ్ ఆల్బమ్‌లను తెచ్చి ఇందులో కలిపేశారు. ఆపైన గ్రామీ నిర్వాహకులు మొత్తం విభాగాలను 109 నుంచి 78కి కుదించినప్పుడు, 2012లో పాప్ కూడా వచ్చి చేరింది. చిన్న ఇంట్లో మూడు కాపురాలు! ఆ ఏడు బహుమతి మెక్సికో రాక్ బృందం మనాకు వెళ్లింది. తర్వాత పాప్ వేరుపడినా రాక్‌తో పొత్తు మాత్రం 2020 వరకు సాగింది. ఆ చివరిసారి గెలిచింది స్పెయిన్ గాయని రొసాలియా. 2021లో అర్బన్‌ను మళ్లీ పాప్‌తో జతకట్టారు. రెగ్గేటన్ ఊరూవాడా మోగుతున్న రోజుల్లో ఇదేం లెక్కో నాకు అంతుపట్టదు.

నాకీ గొడవ అంటించింది మా మనవరాలు. ఒక ఇయర్‌ఫోన్ నా చెవిలో పెట్టి, ఆ రెగ్గేటన్ దరువును భోజనాల బల్లమీద వేళ్లతో వాయించి చూపించింది. పప్పుగిన్నె మూత కూడా తాళం వేసింది.

వీలైతే సవరణ ప్రచురించగలరు.

– ఒక పాఠకుడు, విజయవాడ