మన రైలు నమూనాల సంఘం: ఈ ఏడాది ఏం చేశాం

సభ్యులందరికీ నమస్కారం. పోయినేడు నివేదిక మరీ పొడుగైపోయిందని కొందరు మొహం మీదే అన్నారు. అందుకే ఈసారి సమావేశాల వివరాలు, టీ ఖర్చుల జోలికి పోవట్లేదు. లెక్కల పుస్తకం కోశాధికారి గారి దగ్గరుంది, ఎవరైనా వెళ్లి చూసుకోవచ్చు. ఈ ఏడాది పనంతా ఇత్తడి వ్యాగన్ కిట్ల (విడి ముక్కలుగా వచ్చే, మనమే కూర్చుకోవాల్సిన వ్యాగన్ నమూనాల) చుట్టూనే తిరిగింది కాబట్టి రాసేదీ వాటి గురించే.

మొదట విజయనగరం యార్డులో కనిపించే బ్రాడ్ గేజ్ వ్యాగన్లే చేద్దామనుకున్నాం. చిక్కేంటంటే మన 1676 మి.మీ. గేజ్‌ని (రెండు పట్టాల మధ్య దూరాన్ని) 1:87 స్కేలుకి, అంటే 87వ వంతుకి కుదిస్తే 19 మి.మీ. దాటుతుంది, ఈ స్కేలుకి రెడీమేడ్‌గా దొరికే హెచ్ఓ అనే పట్టా 16.5 మాత్రమే. అప్పుడు టెక్కలి వైపు సభ్యులు నౌపడ–గుణుపురం చిన్న రైలు మాటెత్తారు. 1900లో పర్లాకిమిడి దాకా మొదలై, 1931 నాటికి గుణుపురం చేరి, 2004లో నారో గేజ్‌గా ఆగిపోయిన లైను అది. 762 మి.మీ. గేజ్ కనుక అదే స్కేల్లో 8.76 వస్తుంది, ఎన్ గేజ్ అనే ఇంకా చిన్న నమూనాల వాళ్ల 9 మి.మీ. పట్టా మీద హాయిగా నడుస్తుంది. అంతటితో చర్చ అయిపోయింది, విదేశాల నుంచి నాలుగు చక్రాల ఓపెన్ వ్యాగన్ కిట్లు తెప్పించాం.

సోల్డరింగ్ (లోహం కరిగించి ముక్కలు అతకడం) గురించి ఎక్కువ చెప్పను, ఎందుకంటే అందరూ భయపడేది దానికే గానీ నిజానికి తొందరగా చేతికొచ్చేదీ అదే. కిట్ రేకు మీద సగం లోతు కొరికి ఉన్న మడత గీత లోపలి వైపు ఉండేలా మడవాలి, మడతలో సన్నగా సోల్డర్ పారించాలి, అప్పుడే మూల గట్టిగా నిలుస్తుంది. వ్యాగన్‌ని అద్దం ముక్క మీద పెడితే నాలుగు చక్రాలూ ఆనాలి, ఆనకపోతే అక్కడే సరిచేసుకోవాలి. 60/40 సోల్డర్ (60 పాళ్లు తగరం, 40 పాళ్లు సీసం) 190 డిగ్రీల లోపే కరుగుతుంది, అది ఇత్తడికి. వైట్ మెటల్ (తక్కువ వేడికే కరిగే పోత లోహం) ముక్కలకి మాత్రం 70 డిగ్రీలకే కరిగే సోల్డర్ వాడాలి, అదేమో వట్టి ఇత్తడికి అంటుకోదు, కనుక ముందు ఇత్తడికి మామూలు సోల్డర్‌తో కళాయి పెట్టుకోవాలి. ఈ మాట వినకుండా రేడియోలు బాగుచేసే, ఇస్త్రీపెట్టెలా కాలే సోల్డరింగ్ ఐరన్‌తో దిగిన ఒక సభ్యుడి వైట్ మెటల్ ఇరుసుపెట్టె (ఇరుసు చివర ఉండే భాగం) కళ్ల ముందే బొట్టై బల్ల మీద పడింది. వేడి తగ్గించుకునే ఐరన్ కొనాల్సిందేనని ఆ రోజే తీర్మానమైంది, ఖర్చు మీద సణిగినవాళ్లు కూడా చెయ్యెత్తారు.

అసలు సంగతి కడగడంలో ఉంది. సోల్డర్ బాగా పట్టడానికి మనం పూసే ఫ్లక్స్‌లో ఫాస్ఫారిక్ ఆమ్లం ఉంటుంది. పని అయ్యాక రేపు కడుగుదాంలే అని వదిలేస్తే, మన గాలిలో తేమకి తెల్లారేసరికి మూలమూలనా పచ్చటి చిలుము. దాని మీద ప్రైమర్ కొడితే నెల తిరక్కుండా పొక్కులు లేస్తుంది. ఒకాదివారం బుడితి వెళ్లినప్పుడు అక్కడి కంచు పనివారొకరు మన వ్యాగన్‌ని అరచేతిలో పెట్టుకుని తిప్పి చూసి, గోటితో మూలలో గీకి, "చింతపండు పెట్టండి గానీ ఎండనీకండి బాబూ" అన్నారు. అంతే చేస్తున్నాం ఇప్పుడు. పల్చటి చింతపండు రసం, పాత టూత్‌బ్రష్, రసం తడి ఆరకముందే మంచినీళ్లు, తర్వాత వంటసోడా కలిపిన నీళ్లలో ఓ ముంచు, మళ్లీ మంచినీళ్లు. రసంలో ఉప్పు వేయొద్దు, ఇంట్లో బిందెలకి వేస్తారని ఇక్కడా వేసేవాళ్లున్నారు. కడిగాక వేళ్లతో పట్టుకోవద్దు, చెమట మరక పెయింట్ కింద నుంచి కూడా కనిపిస్తుంది. సోల్డర్‌లో సీసం ఉంటుంది కాబట్టి సబ్బుతో చేతులు కడుక్కున్నాకే పకోడీల ప్లేటు దగ్గరికి రావాలి, పిల్లల విషయంలో ఇది మరీ గట్టిగా చెబుతున్నాం.

వ్యాగన్‌ని వాడి పాతబడినదానిలా చేసే పనికొస్తే, ఇంటర్నెట్లో ఫొటోలు చూసి తుప్పు పూయడం మానేయమని నా సలహా. ప్లాట్‌ఫాం టికెట్ కొనుక్కుని చివర దాకా నడిస్తే బొగ్గు వ్యాగన్ల రైళ్లు కళ్ల ముందే పోతాయి. బయట పక్కల రంగు వెలిసిపోయి ఉంటుంది, తలుపుల బందుల కింద నుంచి తుప్పు నిలువుగా కారుతుంది, చక్రాల దగ్గర బ్రేకు దుమ్ము గోధుమరంగులో పేరుకుంటుంది. ఎక్కడా సమానంగా ఉండదు, మన కుర్రాళ్లేమో నాలుగు పక్కలా ఒకే తుప్పు కొట్టేస్తున్నారు. పల్చటి రంగుని పై నుంచి కిందికే లాగండి. తుప్పు, దుమ్ము రంగు పొడులు వేశాక మ్యాట్ (మెరుపు లేని) వార్నిష్ కొడితే సగం మాయమవుతాయి, అందుకే కొంచెం ఎక్కువే వేయాలి. వానాకాలంలో స్ప్రే జోలికే పోకండి, తేమకి వార్నిష్ తెల్లబారిపోతుంది. సిరిమానోత్సవం రోజుల్లో ప్రదర్శన పెడదామన్న ఆలోచన కూడా ఇందుకే వాయిదా పడింది.

వచ్చే ఏడాది నౌపడ ఉప్పు మడుల పక్కన లైనుతో చిన్న డయోరమా (దృశ్యం మొత్తం చూపే నమూనా) చేయాలని ఉంది, చెక్క పని తెలిసినవాళ్లు ముందుకు రావాలి. చందా పెంచట్లేదు. ఇత్తడిని గీకి శుభ్రం చేసే సంఘం గ్లాస్‌ఫైబర్ (గాజు పీచు) పెన్ను ఎవరి దగ్గరుందో దయచేసి తెచ్చివ్వండి, దాని పీచు వేలిలో గుచ్చుకుంటే తీయడం కష్టం, ఇంట్లో పిల్లలకి అందకుండా పెట్టండి.