నీ రూమ్మేట్లు ఇద్దరూ బౌద్ధులే, మరి తేడా ఎందుకు?

గుత్తి

చిన్నమ్మా,

శ్రీలంక అమ్మాయి బుద్ధుడి బొమ్మ ముందు నాలుగు పూలు పెట్టి కళ్లు మూసుకుంటుందనీ, లడఖ్ అమ్మాయి గోడ నిండా దేవతల పటాలు తగిలించిందనీ, ఇద్దరిదీ ఒకే మతం ఎట్లయిందనీ అడిగావు. ఫోన్లో తేలేది కాదని రాస్తున్నా.

శ్రీలంక అమ్మాయిది థేరవాదం. బర్మా, థాయ్‌లాండ్‌లలోనూ అదే. వాళ్లకు పాళీ భాషలోని బౌద్ధ గ్రంథాలు, త్రిపిటకం, ప్రమాణం. బుద్ధుడు దారి చూపిన గురువు, నడవాల్సింది మాత్రం ఎవరికి వాళ్లే. తృష్ణను తెంచుకుని, మళ్లీ పుట్టే పని లేని అర్హతుడు కావడం గమ్యం. మా స్కూలు పుస్తకాల్లో దీన్ని హీనయానం అని చదివాం. ఆ మాట ఆమె ముందు అనొద్దు తల్లీ, మహాయానమనే ఇంకో శాఖవాళ్లు తక్కువ చేసి పెట్టిన పేరు అది.

మహాయానంలో నా మనసు పట్టేసింది బోధిసత్వుడి సంకల్పం. ఇన్ని ప్రాణులు దుఃఖంలో ఉంటే నేనొక్కడినే గట్టెక్కితే ఏం లాభం, అందరి కోసం బుద్ధుణ్ణవుతాను, ఎన్ని జన్మలైనా సరే అంటాడు. చైనా, జపాన్ వాళ్లు అవలోకితేశ్వరుడనే బోధిసత్వుణ్ణి కొలిచేది ఆ కరుణ కోసమే. అలాగని థేరవాదులకు దయ లేదనుకోకు, మైత్రీ భావన వాళ్ల సాధనలో పెద్ద భాగం. దేనికీ తనంతట తానుగా ఉనికి లేదనే శూన్యవాదం చెప్పిన మహాయాన ఆచార్యుడు నాగార్జునుడి పేరే మన నాగార్జునకొండకు ఉంది. ఆ లోయలోనే సింహళ భిక్షువులకూ ఒక విహారం ఉండేదని శాసనం చెబుతోంది. ఆ సంగతి తలచుకుంటే నాకు ఎంత సంతోషమో!

లడఖ్ అమ్మాయిది వజ్రయానం. సంకల్పం మహాయానానిదే, దానికి మంత్రం, ధ్యానం కోసం గీసే మండలం, గురువు దగ్గర దీక్ష తోడయ్యాయి. ఆ పటాల్లోవాళ్లు వరాలిచ్చే దేవతలు మాత్రమే కాదు, ధ్యానంలో తన మనసునే ఆ రూపంగా భావించుకుంటారు. కాలచక్రం అనే వజ్రయాన తంత్రాన్ని బుద్ధుడు మన ధాన్యకటకంలోనే, అంటే ఇప్పటి అమరావతి దగ్గరే, బోధించాడని టిబెటన్ల నమ్మకం. 2006లో దలైలామా అమరావతి వచ్చి కాలచక్ర దీక్ష ఇచ్చింది అందుకే.

సంక్రాంతికి ఇద్దర్నీ మనింటికి పిలువు. పత్తికొండ రోడ్డులో ఎర్రగుడి బండల మీద అశోకుడి శాసనాలు చూపిస్తా. ఒకదాంట్లో కొన్ని వరుసలు ఎడమ నుంచి కుడికి, కొన్ని కుడి నుంచి ఎడమకు చెక్కారు. అమ్మానాన్నల మాట వినండి, ప్రాణుల మీద దయ చూపండి, నిజం చెప్పండి అని ఉంటుంది. ఈ మహాయాన, వజ్రయానాలు అప్పటికింకా పుట్టనే లేదు. ఎండ ఎక్కకముందే వెళ్లాలి, రాత్రి బండికి వచ్చేయండి.

మీ నాన్న