"గొడ్డలి తిర్లేసి కొట్టిండు" అన్న మాట ఎక్కడ పోయింది?

సంపాదకుడికి,

అయ్యా,

మాది సిరొంచ తాలూకాలో గోదావరి పక్కన ఉన్న పల్లె. ఏరు దాటితే కాళేశ్వరం. జిల్లా గడ్చిరోలి, రాష్ట్రం మహారాష్ట్ర, ఇంట్లో మాట తెలుగు, కోర్టులో మాట మరాఠీ. ఈ రెండు మాటల మధ్య మా చిన్నాయన కేసు పోయింది. అందుకే ఈ ఉత్తరం.

కొన్నేళ్ల కింద గెట్టు పంచాయితీలో పక్క చేను మనిషి ఆయన్ని గొడ్డలితో కొట్టాడు. భుజం ఎముక విరిగింది. బోనులో నిలబడి చిన్నాయన చెప్పిన మాట ఇది: "గొడ్డలి తిర్లేసి కొట్టిండు." అంటే గొడ్డలిని తిరగేసి, మొద్దు వైపుతో కొట్టాడని. ఎలా తిప్పాడో చేతులతో చూపించాడు కూడా. నేను అక్కడే ఉండి విన్నాను. తెలుగు కొద్దిగా వచ్చిన ఒకతను దాన్ని మరాఠీలో చెప్పాడు. కాగితం మీదికి ఎక్కింది మాత్రం 'కుర్హాడీనే మారలే' అని, అంటే గొడ్డలితో కొట్టాడని. తిర్లేసిన సంగతి రాలేదు. డాక్టరు సర్టిఫికెట్‌లో కోత గాయం లేదు, మొద్దు వస్తువు దెబ్బ అని ఉంది.

కింది కోర్టు జడ్జిగారు ఆ చేతులు తిప్పడం కళ్లారా చూశారు. నమ్మి శిక్ష వేశారు. అప్పీలు విన్న జడ్జిగారి ముందు ఉన్నవి కాగితాలే. గొడ్డలితో కొడితే కోత ఎందుకు పడలేదన్న అనుమానం వచ్చింది. ఆ అనుమానం కింద ముద్దాయి నిర్దోషిగా బయటికి వచ్చాడు.

ఆ జడ్జిగారిని నేను తప్పుపట్టను. 1974లో హల్లు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది ఇదే. సాక్షి గొడ్డలి అన్నాడంటే మొద్దు వైపుతో కొట్టాడని కోర్టు తనంతట తాను అనుకోకూడదు, అలా జరిగి ఉంటే ఆ వివరం సాక్షితో చెప్పించడం ప్రాసిక్యూషన్ బాధ్యత. "ఏ వైపుతో కొట్టాడు?" అని సర్కారీ వకీలు ఒక్క ప్రశ్న అడిగి, జవాబు రాయించి ఉంటే సరిపోయేది. అడగలేదు.

సహేతుకమైన అనుమానం ఉంటే శిక్ష వేయకూడదన్న నియమం నాకు ఇష్టమే. అది లేకపోతే మా ఊళ్లో గిట్టనివాళ్లు చెప్పిన మాటకే ఎంతోమంది జైలుకు పోయేవాళ్లు. సాక్షుల్ని లెక్కపెట్టొద్దు, తూకం వేయండి, పూర్తిగా నమ్మదగిన సాక్షి ఒక్కడున్నా చాలు అని 1957లోనే వడివేలు తేవర్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. మరి తూకం వేసేటప్పుడు తక్కెడలో ఉండాల్సింది ఎవరి మాట? మా చిన్నాయన మాట అసలు తక్కెడ దాకా రాలేదు. ఆయన మాటకు ఎవరో చేసిన అనువాదాన్ని తూచారు.

ఇది ఒక్క గొడ్డలితో పోయే విషయం కాదు. మేం 'పొద్దుగూకంగ' అంటే సాయంత్రం. 'పొద్దు' ఒక్కటే చెవిన పడినవాడు పొద్దున అని రాస్తే, సాక్షి చూసిన టైమే తప్పవుతుంది. మాకు భుజం నుంచి వేళ్ల దాకా అంతా చెయ్యే. సాక్షి చెయ్యి అన్నాడు, డాక్టరు మోచేతి పైభాగం అన్నాడు, ఇంకేం, ఎదుటి వకీలు ప్రశ్నలడిగే క్రాస్‌లో అదొక వైరుధ్యం. పోలీసులు మరాఠీలో రాసుకున్న వాంగ్మూలంతోనూ ఇదే టెన్షన్. అందులో లేని మాట కోర్టులో చెబితే కల్పించాడంటారు. ముద్దాయి తెలుగువాడైతే నష్టం అటు వైపు కూడా ఉంటుంది. తనమీద సాక్షి ఏం చెప్పాడో సరిగ్గా తెలియకుండా ఎవరైనా తన వకీలుకు ఏం అందిస్తారు?

చట్టంలో లోటు లేదు. 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ నాగరిక్ సురక్షా సంహిత (క్రిమినల్ కేసుల విచారణ ఎలా జరగాలో చెప్పే చట్టం) 312వ సెక్షన్ ప్రకారం, వీలైతే సాక్షి మాట్లాడిన భాషలోనే కోర్టు సాక్ష్యం రాయవచ్చు. వీలు కాకపోతే సరైన అనువాదం తయారు చేయాలి. 313వ సెక్షన్ ప్రకారం దాన్ని సాక్షికి తెలిసిన భాషలో చదివి వినిపించి, తప్పుంటే సరిదిద్దాలి. పాత చట్టంలోనూ ఇవే ఉన్నాయి. అయినా చిన్నాయన ఆ మరాఠీ కాగితం కింద వేలిముద్ర వేసి వచ్చాడు. అందులో ఏముందో ఆయనకు తెలిసింది అప్పీలు తీర్పు వచ్చాకే. అప్పటికి చాలా ఆలస్యమైంది. నిర్దోషి అన్న తీర్పు మీద బాధితుడు అప్పీలు చేసుకోవచ్చు, కానీ రెండు అభిప్రాయాలకు చోటుంటే ఆ తీర్పును కదిలించకూడదని 2007 నాటి చంద్రప్ప కేసు చెబుతోంది.

సిరొంచ, అహేరి, రాజురా, కిన్వట్, ధర్మాబాద్ వంటి చోట్ల కోర్టులకు తెలుగు బాగా వచ్చిన అనువాదకుల్ని బొంబాయి హైకోర్టు ఇప్పించాలి. సాక్ష్యాన్ని ఆడియో, వీడియోలో రికార్డు చేయడానికి చట్టం ఒప్పుకుంటోంది కాబట్టి తెలుగు సాక్షుల విషయంలో అది తప్పకుండా చేయాలి. అప్పీలు జడ్జిగారు ఆ చేతులు తిప్పడం చూడగలగాలి. అంతవరకు మా సరిహద్దు పల్లెల నుంచి బోనెక్కే ప్రతి ఒక్కరికీ నా మనవి: తెలుగులో చదివి వినిపించమని జడ్జిగారినే అడగండి, వినకుండా సంతకం పెట్టకండి.

ఇట్లు,
ఒక రైతు,
సిరొంచ తాలూకా, గడ్చిరోలి జిల్లా