398 రూపాయల ఏళ్లు కూడా సర్వీసే

ఒంగోలు

ఒరేయ్ అబ్బయ్యా,

నీ ఉత్తరం అందింది. "ఈ వయసులో కోర్టులెందుకురా, వచ్చే పెన్షన్ చాలదా" అని రాశావు. ఆ మాట చదివినప్పటి నుంచి మనసు మనసులో లేదు. చాలడం, చాలకపోవడం కాదురా. మన చేత పని చేయించుకుని, ఆ ఏళ్లను లెక్కలోంచి తీసేశారు. నా బాధ అదీ.

నెలకు 398 రూపాయలకు స్పెషల్ టీచర్లుగా, అంటే రెగ్యులర్ కాని తాత్కాలిక టీచర్లుగా చేరాం. నేను కనిగిరి పల్లెల్లో ఫ్లోరైడ్ నీళ్లు తాగుతూ, నువ్వు కందుకూరులో, పక్క గదిలో రెగ్యులర్ మాస్టారు చెప్పే పాఠాలే మనమూ చెప్పాం. ఎన్నికల డ్యూటీలకూ మనమే కావాల్సొచ్చాం. తీరా రెగ్యులర్ చేశాక స్కేలు మొదటి మెట్టు మీద నిలబెట్టారు. వెనకటి ఏళ్లకు ఒక్క ఇంక్రిమెంటూ కలపలేదు. ఆ కోత జీతంతో ఆగలేదు గదా! చివరి జీతంలో సగం పెన్షన్, 30 శాతం ఫ్యామిలీ పెన్షన్. రేపు మనం పోయాక వదిన చేతికి వచ్చేదీ తక్కువే.

తాత్కాలిక ఉద్యోగులు తమను రెగ్యులర్ చేయమని హక్కుగా అడగలేరని 2006లో సుప్రీంకోర్టు ఇచ్చిన ఉమాదేవి తీర్పు ఉంది, కేసు నిలవదని ఎవరో నిన్ను బెదరగొట్టారు. అది రెగ్యులరైజేషన్ గురించి. మనల్ని ఎప్పుడో రెగ్యులర్ చేశారు. మనం అడిగేది నోషనల్ ఇంక్రిమెంట్లు, అంటే ఆ ఏళ్లు లెక్కగట్టి జీతం సరిచేసి, దాన్ని బట్టి పెన్షన్ మార్చమని. తాత్కాలిక ఉద్యోగులకూ సమాన పనికి సమాన వేతనం వర్తిస్తుందని 2016లో జగ్జీత్ సింగ్ కేసులో సుప్రీంకోర్టే చెప్పింది.

నాకు ఒళ్లు మండేది ఎక్కడంటే, కోర్టుకెళ్లి తెచ్చుకున్నవాళ్లను చూపిస్తే "అది కేసు వేసినవాళ్లకే" అంటారు ఆఫీసులో. మనతో పాటే చేరినవాళ్లురా వాళ్లు! ఒకే స్థితిలో ఉన్నవాళ్లందరికీ ఇవ్వడమే పద్ధతి అని 2014లో సుప్రీంకోర్టు అంది. కాకపోతే ఏళ్ల తరబడి కదలకుండా ఉండి, పక్కవాళ్లు గెలిచాక వచ్చేవాళ్లను కాదనొచ్చనీ అంది. పైగా 2008 నాటి సుప్రీంకోర్టు తర్సేమ్ సింగ్ తీర్పు ప్రకారం, ఆలస్యంగా వెళ్తే బకాయిలు కేసు వేయడానికి ముందు మూడేళ్లకే పరిమితం. అందుకే నాకీ తొందర.

మొన్న నా ఎస్సార్, అదే సర్వీస్ రిజిస్టరు, తిరగేశాను. మొదటి పేజీలో ఎర్ర సిరా వెలిసిపోయింది, హెడ్మాస్టరు గారి గుండ్రటి సీలు సగం చెరిగిపోయింది. 398 అంకె మాత్రం చెక్కు చెదరలేదు. నీదీ ఒకసారి చూడు. నువ్వు చేసింది కందుకూరులో. 2022లో దాన్ని ప్రకాశం నుంచి తీసి నెల్లూరు జిల్లాలో కలిపారు కాబట్టి పాత ఫైలు ఒంగోలులో దొరక్కపోతే నెల్లూరులో అడగాలి. అపాయింట్‌మెంట్ ఆర్డరు జిరాక్స్ ఉంటే సగం టెన్షన్ తగ్గినట్టే.

మన తరఫున వాదించమని లాయరుకిచ్చే వకాల్తా కాగితం దీంతోనే పంపుతున్నాను. నువ్వు హైకోర్టు కోసం అమరావతి దాకా రానక్కర్లేదు. సంతకం పెట్టి, కావలి నుంచి ఎవరొస్తున్నా వాళ్ల చేతికిచ్చెయ్. పెట్టేముందు ఈ ఉత్తరం వదినకు చదివి వినిపించు, ఫ్యామిలీ పెన్షన్ సంగతి ఆమెకూ తెలియాలి.

నీ
తోటి మాస్టారు