ఇంకెన్నాళ్లు ఈ 2011 లెక్క?

సంపాదకుడి గారికి నమస్కారాలు.

పోయిన వారం మీ జిల్లా పేజీలో కుమురం భీం ఆసిఫాబాద్ జిల్లా వివరాలు చూశాను. జనాభా 5,15,812 అని వేశారు. అధికారులు ఇచ్చిందే మీరు వేశారు, మిమ్మల్ని అనడం లేదు. కానీ అది 2011 నాటి లెక్క. పక్కన సంవత్సరమైనా లేదు. ఇప్పుడున్న జనం ఇంతే అనుకోరా చదివినవాళ్లు?

2011లో అసలు ఈ జిల్లానే లేదు. 2016 అక్టోబర్ 11న ఆదిలాబాద్‌ను నాలుగు జిల్లాలు చేసినప్పుడు వచ్చింది. లింగాపూర్, పెంచికల్‌పేట్, చింతలమానేపల్లి మండలాలూ అప్పటివే. ఊళ్ల పాత అంకెలు కూడి కొత్త మండలాలకు పంచారు, ఆ కూడికతోనే ఇన్నేళ్లుగా పాలన నడుపుతున్నారు. ఆ లెక్క తర్వాత పుట్టిన పిల్లలు పదో తరగతికి వచ్చేశారు. జనాభా పట్టికలో మాత్రం వాళ్లు ఇంకా పుట్టలేదు.

ఆ జనాభా లెక్కల్లో నేనూ ఎన్యూమరేటర్‌నే. 2010లో ఇళ్ల జాబితాకు వెళ్లినప్పుడు గుట్ట మీది కొలాం ఆదివాసీల గూడెంలో తడికల గోడల మీద బొగ్గుతో నంబర్లు రాశాను. 2011 ఫిబ్రవరిలో మళ్లీ వెళ్తే వానలకు ఒక్క నంబరూ మిగల్లేదు. సగం ఇళ్లకు తడిక తలుపులు తాళ్లతో కట్టేసి ఉన్నాయి. పత్తి ఏరడానికి పోయారని చెప్పారు. నాకు వాళ్ల భాష కొలామీ రాదు. గూడెం పెద్దమనిషి పక్కన కూర్చుని ఒక్కో ఇంటి మనుషుల్ని వేళ్ల మీద లెక్కపెట్టి చెబితే రాసుకున్నాను. రెండుసార్లు తిరిగినా ఒక ఇంటివాళ్లు దొరకనే లేదు. వాళ్ల పేర్లు ఆయన నోటి మాట మీదే రాశాను. అంత కష్టపడి తెచ్చిన లెక్క కాబట్టే చెబుతున్నాను, అది ఆనాటికే అంతంతమాత్రం. దాని మీద ఇప్పటికీ బియ్యం పంచడమేమిటి? ఆహార భద్రత చట్టం కింద కేంద్రం ఇచ్చే కోటాకు ఇంకా 2011 జనాభానే ఆధారం.

కరోనా వల్ల 2021 లెక్కలు ఆగాయన్నారు, ఒప్పుకుంటాం. ఆ తర్వాతి సంవత్సరాలకు ఏం చెబుతారు? 2014 ఆగస్టు 19న సమగ్ర కుటుంబ సర్వే ఒక్క రోజులో చేశారు. 2024 నవంబర్‌లో కులగణనకు ఇంటింటికీ తిరిగారు. రెండింటికీ టీచర్లనే పంపారు. చేయాలనుకుంటే చేయగలరని తెలుస్తూనే ఉంది కదా.

జిల్లా వస్తే పాలన దగ్గరికి వస్తుందన్నారు. మా ఆదివాసీల పనులు చూసే గిరిజనాభివృద్ధి సంస్థ ఐటీడీఏ ఉట్నూరులోనే ఉండిపోయింది, అది ఆదిలాబాద్ జిల్లా. బెజ్జూరు మనిషి కాగజ్‌నగర్, ఆసిఫాబాద్ మీదుగా బస్సులు మారుతూ నూరు కిలోమీటర్ల పైనే పోవాలి. కూలి పోతుంది, చార్జీలు పోతాయి, వెళ్లాక అక్కడి సారు ఉంటారో లేదో తెలియదు. నేను ఒక కాగితం కోసం జిల్లా కార్యాలయం ఒకదానికి మూడుసార్లు వెళ్లాను. మూడుసార్లూ అదే జవాబు: సారు ఇన్‌చార్జి, వేరే జిల్లాలో ఉంటారు, మళ్లీ రండి. చదువుకున్నవాడిని, తెలుగులో అడిగేవాడిని, నా గతే ఇది. గోండీ తప్ప రాని ముసలమ్మ ఎవరిని అడగాలి?

జోడేఘాట్‌లో కుమురం భీం చనిపోయాక నిజాం ప్రభుత్వమే మానవ శాస్త్రవేత్త హైమన్‌డార్ఫ్‌ను పంపి గూడేల బాధలేమిటో తెలుసుకుంది. ఆయన మార్లవాయి అనే గోండు గూడెంలో ఉండి మరీ తెలుసుకున్నాడు. మనం ఎన్నుకున్న ప్రభుత్వాలు తలలైనా లెక్కపెట్టవా?

2027 మార్చి 1ని ప్రాతిపదికగా తీసుకుని కొత్త లెక్కలు చేస్తామన్నారు. ఈసారైనా ఎన్యూమరేటర్ల పక్కన గోండీ, కొలామీ వచ్చిన స్థానిక పిల్లల్ని పెట్టండి. చదువుకున్న పిల్లలు గూడేల్లో ఖాళీగా ఉన్నారు. పనికి పోయినవాళ్లను తప్పించకుండా రెండోసారి వెళ్లడానికి రోజులివ్వండి. కెరమెరి మండలంలో పరందోళి, అంతాపూర్ పంచాయతీల ఊళ్లను మహారాష్ట్ర కూడా తనవే అంటోంది. అక్కడివాళ్లకు రెండు రాష్ట్రాల ఓటు, రెండు రేషన్ కార్డులు ఉన్నాయి. వాళ్లను ఎవరు లెక్కిస్తారో ఇప్పుడే తేల్చండి. ఫిబ్రవరిలో ఫారాలు పట్టుకుని గడప ముందు నిలబడ్డాక కాదు.

— ఒక విశ్రాంత ఉపాధ్యాయుడు, తిర్యాణి మండలం